లెగసీ: డాక్టరుగా రాసినంతసేపూ భలే ఉంది

హ్యారీ ఆస్ట్రర్ రాసిన 'లెగసీ: ఎ జెనెటిక్ హిస్టరీ ఆఫ్ ద జ్యూయిష్ పీపుల్' చదవడం అయింది. ముందే చెప్పేస్తాను, నా లెక్కలో అయిదుకి మూడున్నర. ఆ ఒకటిన్నర ఎక్కడ కోశానో చెప్పాలంటే కాస్త పొడుగ్గానే రాయాలి, ఎందుకంటే ఇందులో నాకు బాగా నచ్చిన సగమూ అస్సలు మింగుడుపడని సగమూ ఒకే మనిషి రాసినట్టు అనిపించవు. జబ్బుల గురించి, ఆ జబ్బులు మోసే కుటుంబాల గురించి, ఒక ఊళ్లో పుట్టి ఖండాలు దాటిన మ్యుటేషన్ల (జన్యువులో వచ్చే మార్పుల) గురించి రాసేటప్పుడు ఆస్ట్రర్‌కి తిరుగు లేదు. అవే జన్యువులు పట్టుకుని అసలు యూదుడంటే ఎవరు అన్న ప్రశ్నలోకి దిగాక మాత్రం, ఆధారం చెప్పేది కొంత, ఆయన చెప్పేది ఇంకొంత అవుతుంది.

రచయిత ఎవరో తెలియనివాళ్లకి రెండు మాటలు. న్యూయార్క్‌లో ఆల్బర్ట్ ఐన్‌స్టీన్ కాలేజ్ ఆఫ్ మెడిసిన్‌లో ప్రొఫెసర్, అంతకుముందు చాలా ఏళ్లు న్యూయార్క్ యూనివర్సిటీలో మానవ జన్యుశాస్త్ర విభాగం నడిపారు. ల్యాబ్‌లో కూర్చుని లెక్కలు మాత్రమే వేసే రకం కాదు, వంశపారంపర్య జబ్బులున్న కుటుంబాలను చూసే డాక్టరు. పుస్తకం 2012లో ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ ప్రెస్ నుంచి వచ్చింది. ఆరే అధ్యాయాలు: రూపం, మూలపురుషులు, వంశావళులు, తెగలు, లక్షణాలు, గుర్తింపు. సైజు చూసి వారాంతంలో అయిపోతుందిలే అనుకోకండి, మూడో అధ్యాయం దగ్గర అక్షరాలూ అంకెలూ కలిసిన హాప్లోగ్రూప్ (ఒకే పూర్వీకుడి నుంచి వచ్చిన డీఎన్‌ఏ కొమ్మ) పేర్లు వరసగా మీద పడతాయి, అక్కడ స్పీడు తగ్గించక తప్పదు.

మొదలు పెట్టిన తీరు నాకు బాగా నచ్చింది. నేరుగా డీఎన్‌ఏ అని మొదలెట్టకుండా మారిస్ ఫిష్‌బర్గ్ అనే డాక్టర్ని తెస్తారు. రష్యన్ సామ్రాజ్యంలో పుట్టి న్యూయార్క్ వచ్చి స్థిరపడినవాడు, క్షయ స్పెషలిస్టు, ఇరవయ్యో శతాబ్దం మొదట్లో అక్కడి వలస యూదుల తలలూ ముక్కులూ ఎత్తులూ టేపు పెట్టి కొలిచాడు. 1911లో దాని మీద పెద్ద పుస్తకమే వేశాడు. కార్టూన్లలో యూదుల గుర్తుగా వేసే ఆ కొక్కెం ముక్కు నిజానికి కొద్దిమందికే ఉందని ఆయన కొలతల్లోనే తేలింది, యూదులంతా ఒకే జాతి అన్న మాట నిలబడదని కూడా తేల్చాడు. అంటే నూరేళ్ల కిందట ఒక యూదు డాక్టరు, చేతిలో ఉన్న సాధనాలతో, ఇది ఒకే ముద్ద కాదని చెప్పాడు. వందేళ్ల తర్వాత ఇంకో యూదు డాక్టరు జీనోమ్, అంటే మనిషి డీఎన్‌ఏ మొత్తం, చదివే యంత్రాలతో వచ్చి, కాదు, వీళ్లందరినీ కలిపే దారాలు ఉన్నాయి అంటున్నాడు. పుస్తకం మొత్తాన్ని నడిపించే గొడవ ఇదే, కానీ ఇద్దరూ ఎక్కడ విభేదిస్తున్నారో ఆస్ట్రర్ ఎదురెదురుగా పెట్టి తేల్చరు, అదొక చిన్న అసంతృప్తి.

తర్వాత ఇజ్రాయెల్ కథ. 1948 తర్వాత యెమెన్, ఇరాక్, మొరాకో, కుర్దిస్తాన్, పోలండ్, రొమేనియా నుంచి జనం ఒకే చోటికి వచ్చి పడ్డారు. ఒకే ఆస్పత్రిలో ఒకే వార్డులో ఇన్ని దేశాల రోగులు. హాయిమ్ షేబా అనే డాక్టరు, ఇప్పుడు టెల్ హషోమెర్‌లో ఆయన పేరుతోనే ఉన్న ఆస్పత్రిని నడిపినాయన, ఒక సంగతి గమనించాడు: ఎవరు ఎక్కడి నుంచి వచ్చారన్నదాన్ని బట్టి జబ్బులు మారుతున్నాయి. జీ6పీడీ అనే ఎంజైమ్ లోపం ఉంటే కొన్ని మందులు వాడినా, ఫావా చిక్కుళ్లు తిన్నా ఎర్ర రక్తకణాలు పగిలిపోతాయి. కుర్దిస్తాన్ నుంచి వచ్చిన యూదు మగవాళ్లలో సగానికి పైగా ఈ లోపం ఉంటే, తూర్పు యూరప్ నుంచి వచ్చినవాళ్లలో దాదాపు లేదు. ఆ లోపం మలేరియా నుంచి కొంత కాపాడుతుంది కాబట్టి మలేరియా ఎక్కువున్న ప్రాంతాల్లో అది నిలిచిపోయింది. అంటే ఒకే మతం, ఒకే పుస్తకం, ఒకే ప్రార్థన, కానీ రక్తంలో మాత్రం బతికిన ఊళ్ల చరిత్ర. అలాగే ఫామిలియల్ మెడిటరేనియన్ ఫీవర్ అని, ఉన్నట్టుండి జ్వరం, కడుపునొప్పి వచ్చి రెండు మూడు రోజుల్లో తగ్గిపోయే జబ్బు, ఉత్తర ఆఫ్రికా, ఇరాక్ యూదుల్లో ఎక్కువ, వాళ్లతో పాటు ఆర్మేనియన్లలో, టర్కుల్లో, అరబ్బుల్లో కూడా. అది యూదుల జబ్బు కాదు, ఆ సముద్రం చుట్టూ బతికినవాళ్ల జబ్బు. దాని జన్యువు 1997లో దొరికింది, కానీ కోల్చిసిన్ అనే పాత గౌట్ మందు దానికి పనిచేస్తుందని 1972 నుంచే తెలుసు.

ఇలాంటివి చదువుతున్నప్పుడే నాకు 'వైవిధ్యం' అన్న మాటకి సరైన రూపం కనపడింది. యూదులు అనగానే మనకి సినిమాల్లో చూసిన తూర్పు యూరప్ మనిషే గుర్తొస్తాడు కదా, నల్ల కోటు, టోపీ, గడ్డం. అది అష్కెనాజీలు, అంటే జర్మనీ, పోలండ్ వైపు మూలాలున్నవాళ్లు. 1492లో స్పెయిన్ తరిమేసినవాళ్ల వారసులు సెఫార్డీలు, టర్కీ, గ్రీస్, మొరాకో దాకా చెల్లాచెదురయ్యారు. ఇరాక్, ఇరాన్, యెమెన్ యూదులు స్పెయిన్ ముఖమే చూడలేదు. ఇథియోపియా వాళ్లు వేరు, కొచ్చిన్ వాళ్లు వేరు, ముంబై చుట్టుపక్కల కొంకణ్ తీరంలో బెనే ఇజ్రాయెల్ వేరు.

వంశావళుల అధ్యాయంలో పాఠకుడు గుర్తు పెట్టుకోవాల్సింది ఒక్కటే. వై క్రోమోజోమ్ తండ్రి నుంచి కొడుక్కి మాత్రమే వెళ్తుంది, అచ్చం ఇంటిపేరులాగా. కణంలో శక్తి తయారుచేసే మైటోకాండ్రియాకి విడిగా ఉండే డీఎన్‌ఏ తల్లి నుంచి పిల్లలందరికీ వెళ్తుంది గానీ కూతుళ్లే దాన్ని ముందుకు తీసుకెళ్తారు. మిగతా డీఎన్‌ఏ ప్రతి తరంలోనూ కలగాపులగం అవుతుంది. పది తరాలు వెనక్కి వెళ్తే మీకు 1,024 మంది పూర్వీకుల స్థానాలుంటాయి, వై క్రోమోజోమ్ అందులో ఒకే ఒక్క మగవాడి సంగతి చెబుతుంది, మైటోకాండ్రియా ఒకే ఒక్క ఆడమనిషి సంగతి. మిగతా 1,022 స్థానాల గురించి ఆ రెండూ నోరెత్తవు. ఆస్ట్రర్‌కి ఇది తెలియదని కాదు, కానీ ఈ లెక్కని ఇంకాస్త గట్టిగా మొదట్లోనే చెప్పి ఉంటే చదివేవాడు తర్వాతి కథల్లో కొట్టుకుపోడు.

ఎందుకంటే ఆ కథలు నిజంగానే కొట్టుకుపోయేంత బాగుంటాయి. కోహెన్లంటే బైబిల్లోని మోషే అన్న ఆరోను వంశపు పూజారులు, ఆ హోదా తండ్రి నుంచి కొడుక్కే వస్తుంది. కార్ల్ స్కొరెకీ అనే కిడ్నీ డాక్టరు, తనూ అష్కెనాజీ కోహెనే, సినగాగ్‌లో (యూదుల ప్రార్థనా మందిరంలో) తనకంటే పూర్తిగా వేరే పోలికలున్న సెఫార్డీ కోహెన్‌ని చూసి ఆలోచనలో పడ్డాడు: ఇద్దరమూ నిజంగా ఒకే మగవాడి సంతానమైతే మా వై క్రోమోజోమ్‌లో ఏదైనా గుర్తు ఉండాలి కదా అని. 1997లో ఆయనా సహచరులూ నేచర్ పత్రికలో వేసిన చిన్న పేపరు, అష్కెనాజీ కోహెన్లూ సెఫార్డీ కోహెన్లూ ఇద్దరిలోనూ మిగతా యూదుల కన్నా భిన్నంగా కొన్ని వై క్రోమోజోమ్ రకాలు ఎక్కువగా ఉన్నాయని చూపించింది. వార్తాపత్రికలన్నీ ఆరోను దొరికాడని గంతులేశాయి. దొరకలేదు. ఆ గుర్తు యూదులు కాని మధ్యప్రాచ్యపు మగవాళ్లలోనూ ఉంటుంది, కోహెన్లలో చాలామందికి ఉండదు కూడా. ఎక్కువ మార్కర్లతో (డీఎన్‌ఏలో పోల్చి చూసే గుర్తులతో) 2009లో మళ్లీ చూస్తే, కోహెన్లలో సగం కన్నా కొంచెం తక్కువ మంది ఒక ప్రధానమైన తండ్రి వంశంలోకి వచ్చారు, మిగతావాళ్లు వేరే వంశాల్లోకి. పరంపర నిజమే, కానీ చీలికలు లేని పరంపర కాదు. దక్షిణాఫ్రికా, జింబాబ్వేల్లో ఉండే లెంబా తెగలో, తమ పూర్వీకులు సముద్రం దాటి వచ్చారని చెప్పుకునే మనుషుల్లో, బుబా అనే పూజారి వంశంలో ఇదే గుర్తు బాగా ఎక్కువగా కనపడిందని 2000లో తేలింది. ఈ భాగం రాత్రి పూట మొదలెట్టకండి, పొద్దున లేవలేరు.

పూజారులకి సాయంగా ఆలయ సేవ చేసిన లేవీల సంగతి ఇంకా పాఠం లాంటిది, ఆ హోదా కూడా తండ్రి నుంచే వస్తుంది. అష్కెనాజీ లేవీల్లో సగానికి పైగా ఒక వై క్రోమోజోమ్ రకం ఉంది, అది తూర్పు యూరప్‌లో చాలా మామూలు రకం కాబట్టి 2003లో, ఎవరో ఒక యూరోపియన్, బహుశా మధ్యయుగంలో యూదు మతం పుచ్చుకున్నారని చెప్పే ఖజార్ తెగ వాడు, ఆ వంశంలోకి వచ్చి ఉంటాడని అనుకున్నారు. పదేళ్ల తర్వాత, 2013లో, ఇంకా లోతుగా చదివితే ఆ కొమ్మ తూర్పు యూరప్ కొమ్మ కాదు, మధ్యప్రాచ్యం వైపు కొమ్మ అని తేలింది. అంటే ఈ పుస్తకం అచ్చయిన మరుసటి ఏడాదే ఒక ముక్క మారిపోయింది.

తల్లుల వైపు కూడా అంతే. ఇప్పుడున్న అష్కెనాజీల్లో దాదాపు 40 శాతం మంది మైటోకాండ్రియా డీఎన్‌ఏ కేవలం నలుగురు ఆడవాళ్ల దగ్గరకు చేరుతుందని 2006లో డోరోన్ బెహార్ బృందం చెప్పింది, ఆ నలుగురివీ మధ్యప్రాచ్యపు మూలాలు అనుకున్నారు. 2013లో ఇంకో బృందం అవి ఎక్కువ భాగం యూరప్‌లోవే, అంటే అక్కడి ఆడవాళ్లు యూదు మతంలోకి వచ్చి ఈ జనాన్ని పెంచారు అంది. ఈ వాదన ఇంకా నలుగుతూనే ఉంది. తల్లి యూదు అయితేనే పిల్లలు యూదులు అనే మత నియమం ఉన్న సమాజంలో ఇది ఎంత ఇబ్బందికరమైన ప్రశ్నో చూడండి, నియమం ప్రకారం మతం మారిన తల్లి కూడా పూర్తిగా యూదు తల్లే కాబట్టి రబ్బీలకి (యూదు మతగురువులకి) ఏ టెన్షనూ లేదు, టెన్షనంతా పేపర్లలో హెడ్డింగులు పెట్టేవాళ్లకే.

ఇక ఆస్ట్రర్ సొంత పని. 2010లో గిల్ ఆట్జ్‌మన్ మొదటి రచయితగా వాళ్ల బృందం అమెరికన్ జర్నల్ ఆఫ్ హ్యూమన్ జెనెటిక్స్‌లో వేసిన పేపరే ఈ పుస్తకానికి వెన్నెముక. ఇరాన్, ఇరాక్, సిరియా, ఇటలీ, టర్కీ, గ్రీస్, అష్కెనాజీ, ఇలా ఏడు యూదు సమూహాల నుంచి 237 మంది డీఎన్‌ఏ తీసుకుని, ఒక్క క్రోమోజోమ్ కాకుండా జీనోమ్ మొత్తం చూశారు. ఇద్దరు మనుషుల్లో అచ్చంగా ఒకేలా ఉన్న పొడుగాటి డీఎన్‌ఏ ముక్కలు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టారు, అలాంటి ముక్కలుంటే వాటిని ఇద్దరికీ ఇచ్చిన ఒకే పూర్వీకుడు ఉన్నట్టు. అష్కెనాజీల్లో ఎవరైనా ఇద్దర్ని తీసుకుంటే సగటున నాలుగో అయిదో తరం దాయాదులంత దగ్గర అని తేలింది. ఇరాన్, ఇరాక్ యూదులు ఒక వైపు, యూరప్, సిరియా యూదులు ఇంకో వైపు చీలడం దాదాపు 2,500 ఏళ్ల కిందట జరిగిందని అంచనా, యూదుల్ని బందీలుగా బాబిలోన్‌కి పట్టుకెళ్లిన చెర కాలానికి దగ్గరగా. అష్కెనాజీ, ఇటలీ, సిరియా వాళ్లలో 30 నుంచి 60 శాతం దాకా యూరప్ మిశ్రమం, అదీ ఎక్కువగా దక్షిణ యూరప్‌ది. అదే ఏడాది బెహార్ బృందం నేచర్‌లో ఇంకా ఎక్కువ సమూహాలతో వేసిన పేపరు కూడా చాలా వరకు ఇదే చెప్పింది, కానీ ఇథియోపియా యూదులు, భారత యూదులు మాత్రం తమ పొరుగువాళ్లకే ఎక్కువ దగ్గరగా ఉన్నారని కూడా చెప్పింది.

ఈ చివరి వాక్యం దగ్గరే నాకూ రచయితకీ తేడా మొదలవుతుంది. యూదుల జన్యువుల్ని ఒక నేతవస్త్రంతో పోలుస్తారు ఆస్ట్రర్, అందరిలోనూ ఉండే ఒకే దారం అంటూ లేదు, కలిసిన దారాలన్నీ కలిస్తేనే వస్త్రం అంటారు. అందంగా ఉంది, తప్పు కూడా కాదు. కానీ ఆ వస్త్రంలో ఇథియోపియా వాళ్ల దారం చాలా సన్నంగా ఉంటే వాళ్ల సంగతేంటి? 1973లో రబ్బీ ఓవడియా యోసెఫ్ వాళ్లని యూదులేనని తేల్చినప్పుడు ఎవరి రక్తమూ తీసి చూడలేదు. 1991లో ఆపరేషన్ సోలమన్‌లో ఒకటిన్నర రోజులో 14,000 మందికి పైగా మనుషుల్ని విమానాల్లో తెచ్చినప్పుడూ చూడలేదు. ఇజ్రాయెల్ 'లా ఆఫ్ రిటర్న్' 1950ది, 1970లో సవరించాక తాతయ్యలు నానమ్మలు అమ్మమ్మల్లో ఒక్కరు యూదు అయినా పౌరసత్వం వస్తుంది, మత నియమమేమో తల్లి లేదా మతమార్పిడి అంటుంది. ఈ రెండింటిలో ఏదీ డీఎన్‌ఏ అడగదు, రెండూ ఒకదానితో ఒకటి కూడా సరిపోవు. ఇంత గజిబిజి ఉన్నచోట డీఎన్‌ఏ ముక్కల పొడుగుని తెచ్చి, యూదుతనానికి ఒక జీవశాస్త్ర పునాది ఉంది అనడం... ఉందనుకుందాం, అష్కెనాజీ మనిషికి ఉంది, కొచ్చిన్ మనిషికి కొంచెమే ఉంది, నిన్న మతం మారినవాడికి అసలు లేదు. మరి అది దేనికి పునాది అయినట్టు? చుట్టరికానికి. సభ్యత్వానికి కాదు. చివరి అధ్యాయంలో ఆస్ట్రర్ ఈ రెండింటి మధ్య అటూ ఇటూ తిరుగుతారు, రాజకీయంగా ఇది ఎంత మండే విషయమో ఆయనకి తెలుసు, అయినా తేల్చి చెప్పాల్సిన చోట మెత్తబడతారు. నాజీలు జాతి పేరుతో ఏం చేశారో తెలిసిన జనం గురించి రాస్తున్నప్పుడు అక్కడ ఇంకాస్త కరకుగా ఉండాల్సింది.

మనుషుల్లో ఉన్న జన్యు తేడాల్లో 85 శాతం దాకా ఏ ఒక్క జనాభా లోపలైనా ఉండే తేడాలేనని 1972లో లెక్కకట్టిన జన్యుశాస్త్రవేత్త రిచర్డ్ లెవాంటిన్ ఈ పుస్తకాన్ని న్యూయార్క్ రివ్యూ ఆఫ్ బుక్స్‌లో సమీక్షించారు. వీలైతే రెండూ పక్కపక్కన పెట్టుకుని చదవండి.

భారత యూదుల మీద నాకు ఇంకా కావాల్సి ఉంది, కానీ ఆ లోటు కొంతవరకు కాలానిది. బెనే ఇజ్రాయెల్ వాళ్ల కథ ప్రకారం, ఓడ పగిలి ఏడు జంటలు కొంకణ్ తీరానికి చేరాయి, నూనె గానుగలు ఆడించి బతికారు, శనివారం పని మానేస్తారు కాబట్టి చుట్టుపక్కల వాళ్లు 'శనివార్ తేలీ' అన్నారు. పుస్తకం వచ్చిన నాలుగేళ్లకి, 2016లో, వాళ్ల జీనోమ్‌లో యూదు పూర్వీకత, స్థానిక పూర్వీకత రెండూ గట్టిగానే ఉన్నాయని ఒక పరిశోధన చూపించింది. అదే ఏడాది మన హైదరాబాద్ సీసీఎంబీ పరిశోధన సంస్థ శాస్త్రవేత్తలున్న బృందం భారత యూదులందరినీ చూసి, ఎక్కువ భాగం స్థానికమే, మధ్యప్రాచ్యపు వాటా చిన్నదే, కానీ ఉంది అని చెప్పింది. చూశారా, కథ పూర్తిగా అబద్ధమూ కాదు, పూర్తిగా నిజమూ కాదు. ఇలాంటి ఫలితాలే నాకు ఇష్టం.

ఇప్పుడు అసలు బలమైన భాగం, జబ్బులు. ఇందుకోసమైనా పుస్తకం కొనొచ్చు. టే-శాక్స్ అని ఒక జబ్బు, 1881లో లండన్‌లో వారెన్ టే అనే కంటి డాక్టరు పిల్లల కంటి లోపల ఎర్రటి చుక్క చూశాడు, 1887లో న్యూయార్క్‌లో బెర్నార్డ్ శాక్స్ మెదడు వైపు నుంచి దాన్ని వర్ణించాడు. పుట్టినప్పుడు బిడ్డ బాగానే ఉంటుంది, కొన్ని నెలలకి చేసే పనులన్నీ ఒక్కొక్కటే మర్చిపోతుంది, చూపు పోతుంది, నాలుగైదేళ్లు దాటి బతకడం అరుదు. అష్కెనాజీల్లో 30 మందిలో ఒకరు దాని క్యారియర్, అంటే చెడిన జన్యువు ఒక ప్రతి మోసేవాళ్లు. క్యారియర్‌కి ఏమీ కాదు, ఇద్దరు క్యారియర్లు పెళ్లి చేసుకుంటే ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు ప్రమాదం. 1969లో ఏ ఎంజైమ్ లోపిస్తోందో దొరికింది, 1971లో బాల్టిమోర్, వాషింగ్టన్ ప్రాంతంలో మైఖేల్ కాబాక్ అనే డాక్టరు సినగాగ్‌ల సాయంతో మామూలు జనానికి రక్తపరీక్షలు మొదలుపెట్టాడు. తర్వాతి దశాబ్దాల్లో అమెరికా యూదుల్లో ఈ జబ్బుతో పుట్టే పిల్లలు 90 శాతానికి పైగా తగ్గిపోయారు. నయం చేసే మందు లేని జబ్బుని ఒక రక్తపరీక్షతో, జనం నమ్మకంతో వెనక్కి నెట్టారు.

ఛాందస యూదుల్లో గర్భస్రావం చేయించుకోవడం కష్టం, పైగా ఫలానా ఇంటి పిల్ల క్యారియర్ అని తెలిస్తే సంబంధాలు రావన్న భయం. టే-శాక్స్‌తో నలుగురు పిల్లల్ని పోగొట్టుకున్న రబ్బీ జోసెఫ్ ఎక్‌స్టైన్ 1983లో బ్రూక్లిన్‌లో 'డోర్ యెశోరిమ్' పెట్టాడు. అక్కడ పరీక్ష చేయించుకున్నవాళ్లకి ఫలితం చెప్పరు, ఒక నంబరు ఇస్తారు. సంబంధం చూసుకునేటప్పుడు రెండు నంబర్లూ చెబితే, ఈ జంట సరిపోతుందా లేదా అన్నంతవరకే చెప్తారు. అసలు జాతకాల నంబర్లు చూసుకునే మనకి ఇది అర్థం కావడానికి రెండు నిమిషాలు కూడా పట్టదు. దీని మీద విమర్శలూ ఉన్నాయి, తన గురించి తనకే చెప్పకపోవడం ఏంటని, అవి న్యాయమైనవే, కానీ ఆ సమాజం లోపలి భయాన్ని అర్థం చేసుకుని కట్టిన పద్ధతి అది.

ఈ జబ్బులు అష్కెనాజీల్లో ఎందుకు పేరుకున్నాయి అన్నదానికి జవాబు, జనం చిన్న గుంపు నుంచి పెరగడం. పుస్తకం తర్వాత 2014లో వచ్చిన పరిశోధన ప్రకారం, 25 నుంచి 32 తరాల కిందట ఆ జనాభా జన్యుపరంగా సుమారు 350 మందికి సమానమైనంత చిన్నదైపోయింది. ఆ కొద్దిమందిలో ఒకరికి ఉన్న అరుదైన మ్యుటేషన్, లోపల లోపలే పెళ్లిళ్లు జరుగుతుంటే, కొన్ని వందల ఏళ్లలో లక్షల మందికి చేరుతుంది. శాపం కాదు, ప్రత్యేకత కాదు, ఉత్త లెక్క. 2017లో దక్షిణాసియా సమూహాలను ఇదే కొలబద్దతో చూస్తే, అష్కెనాజీల కన్నా బలమైన ఇలాంటి ప్రభావం ఉన్నవి 81 కనపడ్డాయి. వైశ్యుల్లో కొందరికి ఆపరేషన్లో మత్తుతో పాటు ఇచ్చే ఒక రకం కండరాలు సడలించే మందు పడకపోవడం ఈ కోవలోదే.

లక్షణాల అధ్యాయంలో జబ్బులయ్యాక తెలివితేటల చర్చ వస్తుంది, అక్కడ నేను పేజీలు త్వరత్వరగా తిప్పాను. టే-శాక్స్ ఒకే జన్యువు సంగతి, ఎంజైమ్ ఉందా లేదా అని గాజు గొట్టంలో కొలవొచ్చు. తెలివి అనేది వేల జన్యువులు, బడి, ఇల్లు, భాష, డబ్బు అన్నీ కలిసిన విషయం. రెండింటినీ ఒకే కప్పు కింద పెడితే మొదటిదాని నమ్మకం రెండోదానికి అప్పనంగా అంటుకుంటుంది. సంపాదకుడు ఎవరో గానీ అక్కడ కత్తెర వెయ్యాల్సింది.

బీఆర్‌సీఏ అనే క్యాన్సర్ జన్యువుల సంగతి మాత్రం మళ్లీ ఆయన సొంత నేల. రొమ్ము, అండాశయ క్యాన్సర్ల ప్రమాదం పెంచే మూడు మ్యుటేషన్లు అష్కెనాజీల్లో 40 మందిలో ఒకరికి ఉంటాయి. అందులో ఒకటి ఇరాక్ యూదుల్లోనూ ఉంది, అమెరికాలో కొలరాడోలోని సాన్ లూయిస్ లోయలో తరతరాలుగా కాథలిక్కులైన స్పానిష్ మూలాల కుటుంబాల్లోనూ దొరికింది, బహుశా స్పెయిన్‌లో బలవంతంగా మతం మార్చిన యూదుల ద్వారా అక్కడికి చేరి ఉంటుంది. మతం మారింది, పేరు మారింది, ప్రమాదం మాత్రం వెంటే వచ్చింది. ఆ కుటుంబాలు ఇప్పుడు యూదులా అని అడిగితే కాదు. డాక్టరు వాళ్లకి పరీక్ష చేయించాలా అంటే కచ్చితంగా చేయించాలి. గుర్తింపు అధ్యాయం రాసేటప్పుడు ఆస్ట్రర్ ఈ ఉదాహరణ పక్కనే పెట్టుకుని ఉంటే ఎంత బాగుండేది.

ఆ జన్యువుల పేటెంట్ మిరియడ్ జెనెటిక్స్ అనే కంపెనీ చేతిలో ఉండేది, అమెరికాలో వేరే ల్యాబ్‌లు ఆ పరీక్ష చేయకూడదు, ఫీజు 3,000 డాలర్లు దాటేది. 2009లో డాక్టర్ల సంఘాలు, రోగులు కలిసి కోర్టుకెళ్లారు. అప్పీల్ కోర్టు, వీళ్లందరిలో దావా వేసే అర్హత ఒక్కరికే ఉంది అంది, ఆ ఒక్కరు ఆస్ట్రర్. పరీక్ష మేమూ చేస్తాం అని సిద్ధంగా ఉండి, కంపెనీ నుంచి ఉత్తరం అందుకున్నది ఆయనే కాబట్టి. ఆయన లేకపోతే కేసే నిలిచేది కాదు. 2013 జూన్ 13న సుప్రీంకోర్టు తొమ్మిదిమంది జడ్జీలూ ఒకే మాటగా, ప్రకృతిలో ఉన్న డీఎన్‌ఏకి పేటెంట్ ఇవ్వకూడదని తీర్పిచ్చారు, ల్యాబ్‌లో తయారుచేసిన కాంప్లిమెంటరీ డీఎన్‌ఏకి మాత్రం ఇవ్వొచ్చన్నారు. తీర్పు వచ్చిన వెంటనే వేరే ల్యాబ్‌లు ఆ పరీక్ష మొదలుపెట్టాయి. పుస్తకం ఒక ఏడాది ముందే అచ్చయిపోవడం వల్ల ఈ ముగింపు అందులో లేదు, అది పాఠకుడి దురదృష్టం.

కొత్త ఎడిషన్ వస్తే చేర్చాల్సింది ఇంకొకటి ఉంది. జర్మనీలోని ఎర్‌ఫర్ట్‌లో పద్నాలుగో శతాబ్దపు యూదు శ్మశానం ఒకటి తవ్వకాల్లో బయటపడితే, స్థానిక యూదు సమాజం ఒప్పుకున్న మేరకు విడిపోయి ఉన్న పళ్ల నుంచి మాత్రమే డీఎన్‌ఏ తీశారు. 33 మందిది చదవగలిగారు, 2022లో వచ్చింది. వాళ్లలో మూడోవంతు మందిది ఒకే తల్లి వంశం, ఇప్పటి అష్కెనాజీల్లో కనపడే కొన్ని జబ్బుల మ్యుటేషన్లు అప్పటికే ఉన్నాయి, పైగా ఆ ఒక్క ఊళ్లోనే రెండు రకాల జనం ఉన్నారు, ఒక రకంలో తూర్పు యూరప్ పూర్వీకత ఎక్కువ. అంటే ఇప్పుడు అంతా ఒకేలా కనిపించే అష్కెనాజీలు అప్పట్లో ఇప్పటికన్నా ఎక్కువ రకాలుగా ఉన్నారు. బతికున్నవాళ్ల డీఎన్‌ఏ నుంచి వెనక్కి ఊహించి రాసిన పుస్తకానికి ఇది దొరికే అవకాశమే లేదు.

ఎవరికి పనికొస్తుందంటే, బయాలజీ ఇంటర్ దాకా చదివి మర్చిపోయినవాళ్లకి కూడా పనికొస్తుంది, కొంచెం ఓపిక ఉంటే. రెండో అధ్యాయం, అయిదో అధ్యాయంలో జబ్బుల భాగం ముందు చదివి, తర్వాత మొదటికి వెళ్లమంటాను. చివరి అధ్యాయం ఆఖర్న, మూడ్ ఉంటేనే.

ఇది చదివి ఉత్సాహంగా ఇంటి నుంచే డీఎన్‌ఏ పరీక్ష చేయించుకునే ఉమ్మి గొట్టం కిట్ ఆర్డర్ చేసేవాళ్లుంటారు, వాళ్లకో మాట. 2018లో అమెరికా ఎఫ్‌డీఏ ట్వంటీత్రీ అండ్ మీ కంపెనీకి బీఆర్‌సీఏ ఫలితం చెప్పడానికి అనుమతిచ్చినప్పుడు, అది ఈ పుస్తకంలో ఉన్న ఆ మూడు అష్కెనాజీ మ్యుటేషన్లకి మాత్రమే. ఆ జన్యువుల్లో ప్రమాదకరమైన మార్పులు వెయ్యికి పైగా ఉన్నాయి. మీరు అష్కెనాజీ కాకపోతే ఆ మూడూ 'లేవు' అని రావడం దాదాపు ఖాయం, దాన్ని చూసి ఇంట్లో క్యాన్సర్ చరిత్ర ఉన్నవాళ్లు పూర్తి పరీక్ష మానేయకండి, జెనెటిక్ కౌన్సెలర్ని కలవండి.